మూసీ ఒడ్డున ఎర్ర అక్షరాల వెనక నూరేళ్లు

మూసీ నదిని బాగుచేసే పనిలో భాగంగా 2024 సెప్టెంబర్ చివర్లో హైదరాబాద్ చాదర్‌ఘాట్ దగ్గర శంకర్‌నగర్, మూసానగర్ ఇళ్ల గోడల మీద అధికారులు ఎర్ర రంగుతో ‘ఆర్‌బీ ఎక్స్’ అని రాసి వెళ్లారు. ఆర్‌బీ అంటే రివర్ బెడ్, నదీగర్భం. అక్టోబర్ మొదట్లో ఖాళీ చేసిన ఇళ్లను కూల్చడం మొదలైంది. అసలు నదిలో ఇల్లెందుకు కట్టుకున్నారని చాలామంది అడిగారు. అడగాల్సిన ప్రశ్నే. జవాబు కోసం మాత్రం నూరేళ్లు వెనక్కి వెళ్లాలి.

1908 సెప్టెంబర్ 28న మూసీ హైదరాబాద్‌ను ముంచేసింది. దాదాపు 15,000 మంది పోయారని అంచనా. అఫ్జల్‌గంజ్ ఆసుపత్రి ఆవరణలో చింతచెట్టెక్కి 150 మంది బతికారని చెబుతారు. ఆ తర్వాత మోక్షగుండం విశ్వేశ్వరయ్య సలహాతో ఎగువన 1920లో ఉస్మాన్‌సాగర్, 1927లో హిమాయత్‌సాగర్ జలాశయాలు సిద్ధమయ్యాయి. నగరానికి వరద భయం తగ్గింది, తాగడానికి నీళ్లొచ్చాయి. కింద నది మాత్రం చిక్కిపోయింది. నీళ్లు పైనే ఆగాక ఇక్కడ మిగిలింది ఖాళీ నేల, తర్వాత్తర్వాత నగరం వదిలిన మురుగు. ఆ కంపులో స్థలం ఎవరికీ అక్కర్లేదు కాబట్టే కూలీలకు దొరికింది. గుడిసె పోయి రేకులొచ్చాయి, రేకులు పోయి స్లాబు పడింది. కరెంటు మీటర్లూ, ఓటరు కార్డులూ వచ్చాయి. చైతన్యపురి, కొత్తపేట వైపైతే రిజిస్ట్రేషన్ కాగితాలున్న మధ్యతరగతి ఇళ్లే లేచాయి. 2024లో అక్కడా జనం రోడ్డెక్కారు.

ఖాళీ చేయించడం కొత్తేమీ కాదు. 1990ల చివర్లో ‘నందనవనం’ పేరుతో మూసీని బాగుచేస్తామంటూ కొన్ని కుటుంబాలను కర్మన్‌ఘాట్ వైపు పంపారు. కాలనీకి ఆ పేరే మిగిలింది, నది అలాగే ఉంది. 2017లో మూసీ అభివృద్ధికి ప్రత్యేక సంస్థ పెట్టారు.

2024లో ఖాళీ చేసినవాళ్లలో కొందరికి దగ్గర్లోనే, మలక్‌పేట పిల్లి గుడిసెల దగ్గర డబుల్ బెడ్రూం ఇళ్లు దక్కాయి. గోడలు గట్టివే. కానీ బస్తీ అంటే గోడలేనా? పిల్లాణ్ని పక్కింటి పెద్దమ్మకు అప్పజెప్పి నాలుగిళ్ల పాచిపనికి నడిచి వెళ్లడం, కిరాణా కొట్టులో ఖాతా, అర్ధరాత్రి జ్వరమొస్తే ఆటో తీసే ఎదురింటాయన. ఇవి ఏ సర్వే ఫారంలోనూ ఉండవు. అద్దెకున్నవాళ్ల పరిస్థితి ఇంకా అన్యాయం. ఇల్లు ఓనరుది గనక పరిహారం మాటొస్తే వాళ్లను పిలిచేవాళ్లుండరు.

అలాగని ప్రమాదం లేదనలేం. 2025 సెప్టెంబర్ చివర్లో ఎంజీబీఎస్ బస్టాండులోకి మూసీ వచ్చేసింది. చాదర్‌ఘాట్ పరిసర బస్తీల జనాన్ని పునరావాస కేంద్రాలకు తరలించారు. ఆ నీళ్లు వచ్చింది పైన రెండు సాగర్ల గేట్లు ఎత్తాకే.