అపోహలు - వాస్తవాలు: 12 వోల్టుల ట్రాన్స్‌ఫార్మర్ పెడితే వచ్చేది 12 వోల్టులేనా?

ప్రాజెక్టుల సీజన్ వస్తే చాలు, వారానికి ఇద్దరు ముగ్గురు ఇదే మాట పట్టుకొస్తారు, "సార్, 7805 డూప్లికేట్ ఇచ్చినట్టున్నారు" అని. 7805 అంటే ఎక్కువ వోల్టేజీని తగ్గించి నిలకడగా 5 వోల్టులు ఇచ్చే రెగ్యులేటర్ ఐసీ (చిప్). మొన్న వచ్చిన అబ్బాయికి తెల్లారితే రివ్యూ, టెన్షన్‌తో ముఖం పీక్కుపోయింది. అప్పటికే కోఠి గుజరాతీ గల్లీ ఎలక్ట్రానిక్స్ షాపులకు తిరిగి తిరిగి నాలుగు ఐసీలు మార్చాడట. బోర్డు రెండు నిమిషాలు నడుస్తుంది, ఆగిపోతుంది, చల్లారాక మళ్లీ మొదలు. మార్కెట్ అంతా నకిలీ సరుకే అని ఎవరో నూరిపోశారు. ఈ పుకార్లు నమ్మి డబ్బులు పోసే బదులు ఒక్కసారి మీటర్ పెట్టి చూడండయ్యా!

ట్రాన్స్‌ఫార్మర్ మీద రాసే 12 ఆర్ఎంఎస్ విలువ, అంటే ఎగిసి పడే ఏసీ వోల్టేజీకి ఒక రకం సగటు. కెపాసిటర్ నిండేది పీక్ (ఏసీ అల శిఖరం) దాకా: 12 ఇంటూ 1.414 అంటే దాదాపు 17, ఏసీని డీసీగా మార్చే బ్రిడ్జిలో రెండు డయోడ్లకు 1.4 పోతే 15.5. లోడ్ లేనప్పుడు చిన్న ట్రాన్స్‌ఫార్మర్ ఇంకా ఎక్కువ ఇస్తుంది, అతని బోర్డులో 18 దాటింది. అక్కడున్నది 16 వోల్టుల వరకే తట్టుకునే కెపాసిటర్, నెత్తి ఉబ్బిపోయి ఉంది. 25ది వేయాల్సిన చోటది.

ఇక వేడి సంగతి. రిలేలు, డిస్‌ప్లే కలిసి 0.4 ఆంపియర్ లాగుతున్నాయి, లోడ్ మీద ఇన్‌పుట్ సగటున 14 ఉంది, అవుట్‌పుట్ 5. మిగిలిన 9 వోల్టులూ ఐసీలోనే వేడిగా మారాలి, అంటే 3.6 వాట్లు. హీట్‌సింక్ (వేడిని గాలిలోకి వదిలే లోహపు రేకు) లేని 7805 వాటుకు 65 డిగ్రీల దాకా వేడెక్కుతుంది, లెక్క వేసుకోండి. అంత వేడికి మాడిపోకుండా అది తనంతట తాను ఆగిపోతోంది, కాబట్టి అతను తీసి పారేసిన నాలుగూ మంచివే అయ్యుంటాయి. డేటాషీట్‌లో ఒక ఆంపియర్ అని ఉంటుంది నిజమే, వేడి బయటికి పోయే దారి ఉంటేనే. 9 వోల్టుల ట్రాన్స్‌ఫార్మర్, చిన్న హీట్‌సింక్ పెట్టించాను, గంటసేపు ఆగకుండా నడిచింది. మరీ 6 వోల్టులదానికి దిగొద్దు, 7805కి ఇన్‌పుట్ ఎప్పుడూ 7 పైనే ఉండాలి, 6 వోల్టులదానితో రిపుల్ (కెపాసిటర్ వోల్టేజీలో వచ్చే ఎగుడుదిగుడు) కిందికి దిగినప్పుడల్లా అది నిలవదు.

ఎక్కువ ఆంపియర్ల అడాప్టర్ పెడితే పరికరం కాలిపోతుందా? కాలదు, వోల్టేజీ, పొలారిటీ (ప్లస్, మైనస్) సరిపోతే చాలు.

ప్లగ్ తీసేస్తే ఎస్ఎంపీఎస్ (కంప్యూటర్లలో ఉండే స్విచింగ్ రకం పవర్ సప్లై) లోపల ముట్టుకోవచ్చనే మాట మాత్రం నమ్మకండి. లోపలి పెద్ద కెపాసిటర్‌లో 325 వోల్టుల దాకా నిలిచి ఉండొచ్చు. స్క్రూడ్రైవర్‌తో షార్ట్ చేయకుండా రెసిస్టర్ పెట్టి డిశ్చార్జి చేయండి, మీటర్‌లో సున్నా దగ్గరికి వచ్చాకే చెయ్యి పెట్టండి.