రేణిగుంట వేరు, తిరుపతి వేరు: ఎంక్వైరీ కిటికీలోంచి చూసిన అపోహలు - వాస్తవాలు

మొన్న మా వీధి కుర్రాడు రొప్పుతూ ఫోన్ చేశాడు. "అంకుల్, ముంబై బండి ఏ ప్లాట్‌ఫారమ్? బోర్డులో పేరే లేదు" అన్నాడు. ఎక్కడున్నావంటే తిరుపతి స్టేషన్లో ఉన్నానన్నాడు. టికెట్ మీద ఎక్కే స్టేషన్ పేరు చదవమన్నాను. చదివి, ఒక్క క్షణం మాట్లాడలేదు. రేణిగుంట అని ఉంది. బండికి ఇంకా పన్నెండు నిమిషాలే టైముంది. ఆటో ఎక్కినా అందదు.

తిరుపతి స్టేషన్లో బుకింగ్‌లోనూ ఎంక్వైరీలోనూ ముప్పై ఏళ్లకు పైగా పనిచేసి రిటైరయ్యాను. ఈ పొరపాటు చూడని వారం లేదు. అందుకే రాస్తున్నాను.

అపోహ: "రేణిగుంటయినా తిరుపతయినా ఒకటే. బండి రెండుచోట్లా ఆగుతుంది."

వాస్తవం: రెండింటి మధ్య పది కిలోమీటర్ల దూరం ఉంది. తిరుపతి మీదుగా పోయే బండ్లు చాలావరకు రేణిగుంటలో కూడా ఆగుతాయి, నిజమే. కానీ రేణిగుంటలో ఆగే ప్రతి బండీ తిరుపతికి రాదు. మెయిన్ లైన్లో పోయే చెన్నై - ముంబై బండ్లు రేణిగుంటలో ఆగి, అటునుంచి అటే కడప వైపు వెళ్లిపోతాయి.

ఇది చెప్పగానే వచ్చే ప్రశ్న ఒకటే. "ఇంత పెద్ద క్షేత్రాన్ని వదిలేసి రేణిగుంటలో ఎందుకు ఆపుతారు సార్?" పక్కనున్న వాళ్లెవరో వెంటనే కథ అందుకుంటారు. కొండ కింద పట్టాలు వేస్తే అపచారమని మహంతులు ఆపించారట. ఈ 'అట' విని విని విసిగిపోయాను. 1843 నుంచి 1933 దాకా ఆలయ నిర్వహణ హథీరాంజీ మఠం మహంతుల చేతిలో ఉన్నమాట నిజం. కానీ ఈ కథకు ఆధారం ఏదని అడిగితే ఇన్నేళ్లలో ఒక్కరూ చూపించలేదు. అసలు అంత కథ అక్కర్లేదు, పటం చూస్తే చాలు.

మద్రాసు రైల్వే కంపెనీ వాళ్లు 1856లో రాయపురం నుంచి మొదటి బండి నడిపారు. తర్వాత అరక్కోణం నుంచి వాయవ్యంగా వేసిన లైను 1862లో రేణిగుంట చేరింది. 1871లో రాయచూరు దగ్గర బొంబాయి వైపు నుంచి వచ్చిన లైనుతో కలిసింది. వాళ్లకు కావలసింది మద్రాసునూ బొంబాయినీ కలపడం. పుత్తూరు నుంచి పైకి వచ్చే లైను కడపకు పోవాలంటే మామండూరు, బాలపల్లి, కోడూరు, రాజంపేట దారి పట్టాలి. తిరుపతి పడమరగా పక్కకు ఉంది, దాని ఉత్తరాన శేషాచలం గోడలా అడ్డం నిలబడి ఉంది. ఆ దారిన పోయేవాళ్లు తిరుపతికి రావాలంటే పక్కకు తిరిగి వచ్చి మళ్లీ వెనక్కి పోవాలి. అందుకని రాలేదు.

తిరుపతికి రైలు వచ్చింది 1891లో, అంటే ఇరవై తొమ్మిదేళ్ల తర్వాత. అదీ వేరే కంపెనీ, సౌత్ ఇండియన్ రైల్వే వేసిన కాట్పాడి - గూడూరు మీటర్ గేజ్ లైను. బొంబాయి లైనేమో బ్రాడ్ గేజ్. రెండు రకాల పట్టాలు కాబట్టి పెద్ద బండిలో వచ్చిన యాత్రికులు రేణిగుంటలో దిగి, మూటలు మోసుకుని చిన్న బండి ఎక్కేవాళ్లు. మా అమ్మమ్మ ఆ బండి మారడం గురించి ఎంతో వివరంగా చెప్పేది. అప్పటికి కొండ మీదికి మోటారు రోడ్డు కూడా లేదు, అది 1944లో వచ్చింది. నేను ఉద్యోగంలో చేరేనాటికి రేణిగుంట వైపు పెద్ద పట్టాలు వచ్చేశాయి కానీ పాకాల వైపు ఇంకా మీటర్ గేజే.

టికెట్ దగ్గర పొరపాటు ఎలా జరుగుతుందో చెబుతాను. ఆన్‌లైన్లో తిరుపతి అని కొట్టి వెతికితే దగ్గరి స్టేషన్ల బండ్లు కూడా జాబితాలో వస్తాయి. మనవాళ్లు టైము చూస్తారు, చార్జీ చూస్తారు, బెర్త్ ఉందా అని చూస్తారు. స్టేషన్ పేరు చూడరు. ప్రతి స్టేషన్‌కూ ఒక కోడ్ ఉంటుంది: టీపీటీవై అంటే తిరుపతి, ఆర్‌యూ అంటే రేణిగుంట. డబ్బు కట్టేముందు ఆ కోడ్ చూసుకోండి.

పుంగనూరు వైపు నుంచి వచ్చిన ఒక ముసలి దంపతులు నాకు ఇప్పటికీ గుర్తుకొస్తారు. ముంబైలో కొడుకు దగ్గరికి బయలుదేరారు. ఆమె చేతిలో గుడ్డతో మూతి కట్టిన ఊరగాయ జాడీ. టికెట్ ఎవరో ఏజెంటు తీసిచ్చాడు. "తిరుపతి అని చెప్పినాడు నాయనా" అంది. అప్పటికే బండి రేణిగుంట దాటిపోయింది. బండి పోయాక కన్ఫర్మ్ టికెట్‌కు డబ్బు తిరిగి రాదు. ఆ మాట నా నోటితోనే చెప్పాల్సి వచ్చింది. "తప్పు మాదేలే, చదువు లేనోళ్లం" అంది ఆవిడ. తప్పు మీది కాదమ్మా అన్నాను. టికెట్ చేతికిచ్చేటప్పుడు ఏ స్టేషన్లో ఎక్కాలో ఒక్క ముక్క చెప్పని వాడిదే తప్పు. ఆ రోజు నుంచి నా కిటికీ దగ్గరికి ఎవరొచ్చినా ముందు ఎక్కే స్టేషన్ చదివించి, తర్వాతే మిగతా మాట మాట్లాడేవాణ్ణి.

దీనికి తోడు ఇంకొక అపోహ ఉంది: "తిరుపతే ఆఖరి స్టేషన్, హాయిగా పడుకోవచ్చు." 1891 నుంచీ తిరుపతి దారి మధ్యలో ఉన్న స్టేషనే. ఇక్కడ ఆగిపోయే బండ్లు ఉన్నాయి, ముందుకు పోయేవీ ఉన్నాయి. వెంకటాద్రి చిత్తూరు దాకా పోతుంది. శేషాద్రి బెంగళూరు పోతుంది. తిరుమల ఎక్స్‌ప్రెస్ కడప పోతుంది. పిల్లలతో వచ్చి, నిద్రపోయి, పాకాలలో కళ్లు తెరిచిన కుటుంబాల కోసం నేను ఎన్నిసార్లు ఫోన్లు చేశానో లెక్కలేదు. అలారం పెట్టుకోండి.

మిగతావి క్లుప్తంగా చెబుతాను. మామూలు రైలు టికెట్ చూపిస్తే దర్శనం ఇస్తారన్నది పుకారు. సీజన్ టికెట్ నూట యాభై కిలోమీటర్ల లోపుకే ఇస్తారు, దాంతో రిజర్వేషన్ బోగీ ఎక్కితే ఫైన్ పడుతుంది. చిత్తూరు నుంచి రోజూ ఉద్యోగానికి వచ్చేవాళ్లు "మన ప్యాసింజర్‌ను కావాలనే ఆపుతారు" అంటుంటారు. ఒకే పట్టా మీద ఎదురు బండి వస్తుంటే ఏదో ఒకటి ఆగక తప్పదు. తిరుపతి - పాకాల - కాట్పాడి 104 కిలోమీటర్ల డబ్లింగ్‌కు, అంటే రెండో లైను వేయడానికి, 2025 ఏప్రిల్‌లో కేంద్ర క్యాబినెట్ ఆమోదం ఇచ్చింది.

ఇది చదివి, ఇప్పటికే తీసుకున్న టికెట్ తెరిచి చూసి టెన్షన్ పడుతున్నవాళ్లకు ఒక మాట. రేణిగుంట అని ఉంటే కంగారు పడకండి, టికెట్ చెల్లుతుంది. అది మెయిన్ లైను బండి అయితే బోర్డింగ్ తిరుపతికి మార్చమని మాత్రం అడగకండి, ఆ బండి ఇటు రాదు. బస్టాండ్ నుంచి రేణిగుంటకు బస్సులున్నాయి. రైల్లో పోదామనుకుంటే తిరుపతి నుంచి రేణిగుంటకు విడిగా టికెట్ తీసుకోవాలి. బ్రహ్మోత్సవాలప్పుడు, పండగ సెలవుల్లో రోడ్డు నిండిపోతుంది. ఆ రోజుల్లో బండి టైముకు రెండు గంటల ముందే ఇల్లు కదలండి.