220, 7, 1

వేసవి సెలవులకి వచ్చిన మా అక్క కొడుకు నా పాత హార్డ్‌డిస్క్ తవ్వుతుంటే డూమ్ దొరికింది. 1993 డిసెంబర్‌లో వచ్చిన ఆట, వాడికన్నా చాలా పెద్దది. విండోస్‌కి ముందు పీసీలని నడిపిన డాస్ సిస్టమ్ ఆటల్ని ఇప్పటి కంప్యూటర్‌లో ఆడించే ప్రోగ్రామ్ డాస్‌బాక్స్. అందులో పెట్టి నడిపించాడు. తుపాకీ పేలింది, తలుపులు లేచాయి, రాక్షసులు కూలారు. అంతా మూకీ సినిమా. "మామయ్యా, అసలు దీనికి సౌండ్ ఉండేదా?" అన్నాడు. నాకు కాస్త పౌరుషం వచ్చిన మాట నిజం.

వాడు చేయాల్సినవన్నీ చేశాడు. వాల్యూమ్ చూశాడు, స్పీకర్ తీగ పీకి మళ్ళీ పెట్టాడు, సినిమా పాట పెట్టి చూశాడు. పాట బాగానే వస్తోంది. ఇప్పటి ఆటకైతే ఈ పరీక్షలు చాలు. ఇప్పటి ఆట శబ్దాన్ని తయారుచేసి విండోస్ చేతిలో పెట్టేస్తుంది. అది స్పీకర్‌కి పోవాలా, బ్లూటూత్‌కి పోవాలా అన్నది విండోస్ తలనొప్పి. డాస్ కాలంలో అలాంటి మధ్యవర్తి లేడు. ఆట నేరుగా వెళ్ళి సౌండ్ కార్డ్ (కంప్యూటర్‌లో శబ్దం పుట్టించే విడి పలక) తలుపు తట్టేది. ఆ కార్డ్ ఏ నంబర్ దగ్గర ఉంటుందో, ఏ భాషలో అడిగితే పలుకుతుందో ఆట రాసినవాళ్ళే తెలుసుకుని రాసుకోవాలి. డూమ్ ఇప్పటికీ అలాగే తలుపు తడుతోంది. ఆ ఇంట్లో ఇప్పుడు ఎవరూ లేరు, అంతే.

అసలు మొదట్లో కార్డే లేదు. 1981 నాటి ఐబీఎం పీసీలో ఉన్నది చిన్న స్పీకర్, దానికి గంట కొట్టే ఒక టైమర్ చిప్. ఆ మెషిన్‌లోని స్ఫటికం సెకనుకి 1,43,18,180 సార్లు కొట్టుకునేది. ఆ వింత అంకె అమెరికన్ కలర్ టీవీ లెక్కల నుంచి వచ్చింది. పీసీ బొమ్మని ఇంట్లో టీవీలో కూడా చూపించుకోవచ్చని ఆ వేగం ఎంచుకున్నారు. అందులో 12వ వంతు, అంటే సుమారు 11,93,182, టైమర్‌కి వెళ్ళేది. దాన్ని 2,712తో భాగిస్తే 440 వస్తుంది. అది సంగీతకారులు శ్రుతి చేసుకునే స్వరం. అంటే పాట రాయడమంటే భాగహారం చేయడమే. ఒకసారికి ఒకే స్వరం. రెండు స్వరాలు కలిపి వినిపించాలంటే రెండిటి మధ్య గబగబా దూకుతూ చెవిని మోసం చేయాలి. మన ఊళ్ళ కంప్యూటర్ సెంటర్లలో డేంజరస్ డేవ్ ఆడినవాళ్ళకి ఆ కీచుగొంతు చెవుల్లో ఉండే ఉంటుంది.

1987లో కెనడాలోని క్యుబెక్ నుంచి యాడ్‌లిబ్ కార్డ్ వచ్చింది. దాని మీద యమహా తయారుచేసిన చిప్, పేరు వైఎం3812. ఒకేసారి తొమ్మిది స్వరాలు పలుకుతుంది. ఎలా పలుకుతుందన్నది మనవాళ్ళకి చెప్పడం తేలిక. వీణ తీగని పక్కకి లాగి వదులుతూ ఉంటే స్వరం ఊగుతుంది, దాన్నే గమకం అంటాం. చెయ్యి ఎంత వేగంగా ఊపినా సెకనుకి కొన్నిసార్లే. అదే ఊపుని సెకనుకి వందలసార్లకి పెంచితే? అప్పుడు ఊగుతున్నట్టు చెవికి తెలియదు. స్వరం రంగే మారిపోతుంది, ఒకసారి గంటలాగా, ఒకసారి బాకాలాగా. అమెరికాలో స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో జాన్ చౌనింగ్ అనే సంగీతకారుడు 1967లో ఈ సంగతి కనిపెట్టాడు. దాన్నే ఎఫ్‌ఎం సంశ్లేషణ అంటారు. రేడియో ఎఫ్‌ఎం వెనక ఉన్న గణితమే దీని వెనకా ఉంది.

యాడ్‌లిబ్‌కి పాట వచ్చు గానీ మాట రాదు. మనిషి కేక, తలుపు చప్పుడు, తుపాకీ మోత రికార్డ్ చేసి వినిపించే దారి దానికి లేదు. 1989లో సింగపూర్ కంపెనీ క్రియేటివ్ తెచ్చిన సౌండ్ బ్లాస్టర్ ఆ లోటు తీర్చింది. యాడ్‌లిబ్ చిప్‌ని అలాగే ఉంచి, పక్కన రికార్డ్ చేసిన శబ్దాన్ని వాయించే రెండో భాగం పెట్టింది. ఒకే కార్డుకి రెండు నోళ్ళు. మనం వెతుకుతున్న జబ్బు పట్టుకోవాలంటే ఈ ముక్క గుర్తుంచుకోవాలి.

మొదటి నోటికి సరిగమలు రాసిన కాగితం ఇస్తే చాలు. "ఫలానా స్వరం ఎత్తుకో, ఇప్పుడు ఆపు" అని ఆట నాలుగు అంకెలు పంపిస్తే చిప్పే పాడుకుంటుంది. రెండో నోటికి కాగితం పనికిరాదు, క్యాసెట్ కావాలి. డూమ్‌లో తుపాకీ మోత సెకనుకి 11,025 కొలతలుగా దాచి ఉంటుంది, ఒక్కో కొలతకి ఒక బైట్. ఆ లెక్కన ఒక ఫ్లాపీ నిండటానికి రెండుంపావు నిమిషాల శబ్దం చాలు. అందుకే ఆ రోజుల్లో పాటలన్నీ సరిగమల కాగితాలు, చప్పుళ్ళు మాత్రమే చిన్న చిన్న క్యాసెట్లు.

కాగితం అందించడానికి ఒక తలుపు చాలు: యాడ్‌లిబ్ భాగం 388 అనే చిరునామాలో ఉంటుంది. క్యాసెట్ వాయించడానికి మూడు అంకెలు కుదరాలి. మొదటిది కార్డ్ చిరునామా, మామూలుగా 220. (ఇవి పదహారు అంకెల పద్ధతిలో రాసినవి. మన లెక్కలో 220 అంటే 544, 388 అంటే 904.) రెండోది ఐఆర్‌క్యూ, అంటే కార్డ్ ప్రాసెసర్‌కి కొట్టే గంట ఏ తీగ మీద మోగాలన్నది. మూడోది డీఎంఏ. ఒక్కో బైట్‌ని ప్రాసెసర్ చేత్తో మోయకుండా, మెమరీ నుంచి కార్డ్‌కి సరుకు నేరుగా పోయే దారి అది. ఆట మెమరీలో ఒక చిన్న తొట్టి నింపుతుంది. కార్డ్ దాన్ని డీఎంఏ దారిలో తోడుకుంటూ వాయిస్తుంది. అయిపోవస్తే గంట కొడుతుంది, ఆట మళ్ళీ నింపుతుంది. గంట తీగ తప్పు రాసుకుంటే కార్డ్ కొట్టే గంట ఆటకి వినపడదు. అప్పుడు మొదటి ముక్క వచ్చి ఆగిపోవచ్చు, లేదా అదే ముక్క అరిగిపోయిన రికార్డులా తిరగొచ్చు. ఆ రోజుల్లో ప్రింటర్ కూడా 7వ తీగే వాడుకునేది. మొదటి సౌండ్ బ్లాస్టర్లు కూడా 7 మీదే వచ్చేవి, తర్వాతివి 5కి మారాయి. ఈ తగువులు తీర్చడంలో ఎంతమంది ఎన్ని ఆదివారాలు పోగొట్టుకున్నారో!

డూమ్‌కి సెటప్ అనే చిన్న ప్రోగ్రామ్ విడిగా వస్తుంది. దాన్ని తెరిస్తే నా పరువు పోయింది. సంగీతం: ఏమీ లేదు. చప్పుళ్ళు: ఏమీ లేదు. ఆ కాపీ నేను ఒకప్పుడు పనిచేసిన ఆఫీసులోది. పై అధికారికి వినపడకుండా రెండూ నేనే ఆపేసినట్టున్నాను. ఆ సంగతి మేనల్లుడికి చెప్పలేదు. రెండు చోట్లా సౌండ్ బ్లాస్టర్ ఎంచుకున్నాను. చిరునామా 220, డీఎంఏ 1 అన్నాను. గంట తీగ దగ్గర, నా పాత కార్డ్ జ్ఞాపకంతో, 5 అన్నాను.

సంగీతం వచ్చేసింది. తుపాకీ మాత్రం మూగగానే ఉంది.

ఇదిగో, రెండు నోళ్ళ సంగతి ఇక్కడ పనికొస్తుంది. సంగీతం వచ్చిందంటే కాగితం అందుకునే నోరు బాగానే ఉంది, దానికి గంటతో పని లేదు. చప్పుళ్ళు రాలేదంటే మూడు అంకెల్లో ఏదో తప్పు. డూమ్ మొదలయ్యేటప్పుడు తెర మీద పరిగెత్తే అక్షరాల్లో ఆ ఫిర్యాదు ఉంటుంది కూడా: సౌండ్ బ్లాస్టర్ పలకడం లేదు అని. ఎవరూ చదవరు. దీనికి ఎదురు జబ్బు కూడా ఉంది, చప్పుళ్ళు వచ్చి సంగీతం రాకపోవడం. సంగీతానికి జనరల్ మిడి (సింథసైజర్లు చదివే ఒక ఉమ్మడి పద్ధతి) అని ఎంచుకుంటే ఆ సరిగమల కాగితం డాస్‌బాక్స్ నుంచి బయటి సిస్టమ్‌కి వెళ్తుంది. విండోస్‌లో దాన్ని పాడటానికి ఒక చిన్న సింథసైజర్ సిద్ధంగా ఉంటుంది. లైనక్స్‌లో అలాంటిదాన్ని మనమే తెచ్చి పెట్టుకోకపోతే కాగితం గాలికి పోతుంది. ఆట మాత్రం తాను పాడుతున్నాననే అనుకుంటుంది.

డాస్‌బాక్స్ చేసేది పగటివేషం. పగటివేషగాళ్ళు తాసిల్దారు వేషంలో గుమ్మం ముందుకొచ్చి, అచ్చం తాసిల్దారులాగే గద్దిస్తే నిజమేననుకుని కుర్చీ వేసినవాళ్ళు ఉన్నారట. 2002 నుంచి డాస్‌బాక్స్ మన కంప్యూటర్ లోపల లేని సౌండ్ బ్లాస్టర్ వేషం కడుతోంది. ఆట వచ్చి 226 అనే చిరునామా దగ్గర 1 రాస్తుంది, సెకనులో పదిలక్షల వంతుల్లో మూడు వంతులు ఆగి 0 రాస్తుంది. నిజం కార్డ్ అయితే 22ఏ (ఆ పదహారు అంకెల పద్ధతిలో "ఏ" కూడా ఒక అంకే) దగ్గర "ఏఏ" అని జవాబివ్వాలి. డాస్‌బాక్స్ కూడా "ఏఏ" అంటుంది. ఆట నమ్మేస్తుంది. అయితే ఈ వేషగాడు ముందే ఏ అంకెలతో సిద్ధమై ఉన్నాడో అవే చెప్పాలి: 220, 7, 1. నేను 5 అన్నాను.

7 పెట్టాక కూడా కొన్ని ఆటలు మొరాయిస్తాయి, దానికి కారణం వేగం. కార్డ్ ఉందో లేదో తెలుసుకోవడానికి యాడ్‌లిబ్ కాలపు ఆటలు ఒక చిట్కా వాడేవి. చిప్‌లో ఉన్న చిన్న టైమర్‌ని తిప్పి, కాసేపు ఆగి, అది మోగిందా అని చూసేవి. ఆ టైమర్ మోగడానికి 80 మైక్రోసెకన్లు పడుతుంది. మరి ఆట అంతసేపు ఎలా ఆగాలి? కొందరు ప్రోగ్రామర్లు "ఒకటి నుంచి ఇంతవరకు లెక్కపెట్టు" అని రాసి ఊరుకున్నారు, దొంగాటలో కళ్ళు మూసుకుని అంకెలు చదివినట్టు. వాళ్ళ కంప్యూటర్ మీద లెక్క అయ్యేసరికి సమయం సరిపోయేది. పది రెట్లు వేగమైన మెషిన్ అదే లెక్కని చిటికెలో ముగించి చూస్తే టైమర్ ఇంకా మోగలేదు. కార్డ్ లేదని ఆట తేల్చేస్తుంది. సియెర్రా కంపెనీ సాహస ఆటలు ఈ విషయంలో పేరుమోసినవి. అందుకే వీటికి మందు విచిత్రంగా ఉంటుంది. కంప్యూటర్‌ని నెమ్మదించాలి. డాస్‌బాక్స్‌లో కంట్రోల్, ఎఫ్11 కలిపి నొక్కుతూ పోతే వేగం తగ్గుతుంది, కొన్నాళ్ళుగా మూగగా ఉన్న ఆట నోరు విప్పుతుంది.

సీడీలు వచ్చాక కథ ఇంకో మలుపు తిరిగింది. 1996 నాటి క్వేక్ ఆట సంగీతాన్ని నైన్ ఇంచ్ నెయిల్స్ బృందం చేసింది. అది ఆట ఫైళ్ళలో ఉండదు. సీడీ మొదటి ట్రాక్‌లో ఆట, మిగతా ట్రాకులు మామూలు పాటల సీడీలో ఉన్నట్టే పాటలు. ఆట "ఫలానా ట్రాక్ వెయ్" అంటుంది, డ్రైవ్ దాన్ని టేప్‌రికార్డర్‌లా వాయిస్తుంది. శబ్దం డ్రైవ్ వెనక నుంచి ఒక సన్నని తీగ గుండా సౌండ్ కార్డ్‌కి వెళ్ళేది. కంప్యూటర్ బిగించినవాడు ఆ తీగ మర్చిపోతే సంగీతం లేదు. మన దగ్గర ఫోల్డర్ కాపీ చేసి పంచుకున్న ఆటల్లోనూ సంగీతం లేదు, ఎందుకంటే పాటల ట్రాకులు ఫోల్డర్‌లో కనపడే ఫైళ్ళే కావు. ఈరోజుకీ ఇదే పొరపాటు జరుగుతోంది. సీడీని ఐఎస్ఓ ఫైల్‌గా దాస్తే మొదటి ట్రాక్ మాత్రమే మిగులుతుంది. బిన్, క్యూ అని జంట ఫైళ్ళుగా దాస్తేనే పాటలు బతుకుతాయి. పాత సీడీలు దాచుకునే అలవాటున్నవాళ్ళు ఒకసారి చూసుకోండి.

2007లో అందరి చేతికీ వచ్చిన విండోస్ విస్టా కూడా కొన్ని ఆటల గొంతు నొక్కింది. సౌండ్ డ్రైవర్ల వల్ల మెషిన్ మొత్తం కుప్పకూలకుండా ఆడియో పనిని సిస్టమ్ గర్భం నుంచి బయటికి తెచ్చారు. అది మంచి పనే. దానితో, గుహలో ప్రతిధ్వని లాంటివి కార్డ్ చేతే చేయించుకునే ఆటలకి ఆ దారి మూసుకుపోయింది. థీఫ్ లాంటి ఆటలో కాపలావాడి అడుగుల చప్పుడే మన ప్రాణం. అక్కడ ప్రతిధ్వని పోతే ఆట రుచే పోతుంది. మందు మళ్ళీ పగటివేషమే: పాత పిలుపుని అందుకుని కొత్త భాషలోకి మార్చే ఒక ఫైల్‌ని ఆట ఫోల్డర్‌లో పెడతారు.

మా ఇంటి సంగతికి వస్తే, 5 తీసి 7 పెట్టాను. మొదటి తలుపు తెరవగానే ఆ గర్ర్ మన్న చప్పుడు, అవతల నుంచి రాక్షసుడి కేక, తుపాకీ మోత అన్నీ వచ్చేశాయి. వెనక ఎఫ్‌ఎం గిటార్ రంపంలా కోస్తోంది. నేను గర్వంగా వాడి వైపు చూశాను. వాడు రెండు నిమిషాలు ఆడి, వాల్యూమ్ సగానికి తగ్గించి, "మామయ్యా, ఇందాక మ్యూట్‌లో బాగుంది కదా" అన్నాడు.