పక్కన నిలబడే పిన్ని సంగతి

ప్రొద్దుటూరు

పాపా, అబ్బీ,

సీరియల్లో ఎప్పుడూ అత్త పక్కన నిలబడుకోని ఉండే పిన్ని మొన్న ఆటల షోకి వస్తే గానీ ఆమె పేరు తెలియలేదని, ఆమె పని ఊరికే నిలబడడమేనా అని అడిగినారు.

మన ఎర్రగుంట్ల దిక్కు నాపరాళ్లతో గోడలు కడతారు కదా. పెద్ద రాయి మీద పెద్ద రాయి సరిగ్గా కూచోదు, ఒక మూల లేస్తుంది. మేస్త్రీ చిన్న రాతిముక్క పగలగొట్టి ఆ సందులో దూరుస్తాడు. లావైతే పైరాయి ఒరుగుతుంది, పలచనైతే ముక్కే జారిపోతుంది. గోడను మెచ్చుకునేవాళ్లకు అది కనపడదు. అత్త మాట ఒక పెద్ద రాయి, కోడలి జవాబు ఇంకొకటి. నడుమ సందులో ఈ పిన్ని మొహం.

అరగంట సీరియల్లో ప్రకటనలు పోగా మిగిలేది 20 చిల్లర నిమిషాలు. అత్త ఒక మాట అంటే కెమెరా నలుగురి మొహాల మీదికీ పోతుంది. ఆ రియాక్షన్లు చాలాసార్లు సీను అయినాక విడిగా తీస్తారు. అప్పుడు ఎదురుగా అత్త ఉండదు. అసిస్టెంట్ డైరెక్టర్ కాగితం చూసి ఆ మాటలు చదువుతుంటే, లెన్సు పక్కన చూపించిన చోటు చూస్తూ ఈమె బెదరాల. చూపు కొంచెం తప్పిందా, షాట్లు అతికినాక పిన్ని గోడను చూసి బెదిరినట్టుంటుంది! ఒకే హాల్లో జరిగే సీన్లన్నీ కథ వరసతో పనిలేకుండా ఒకేసారి తీసేస్తారు. అందుకే గాజులెన్ని, పూలు ఏ పక్కన పెట్టుకుందో ఫోటో తీసి పెట్టుకుంటారు.

ఇట్లాంటి వేషాలకు డబ్బులు ఎక్కువగా రోజు లెక్కనే. కథలో పిన్నిని కాశీకి పంపినారంటే ఆమె కాల్షీట్లు, అంటే షూటింగుకు పిలిచే రోజులు, కూడా కాశీకి పోయినట్టే. అప్పుడు జనం మొహం మరిచిపోకుండా కాపాడేది ఆటల షో. ఈటీవీలో సుమ కనకాల నడిపిన క్యాష్ లాంటివాటిలో యాంకరు పేరు పెట్టి పిలుస్తుంది. సీరియల్ ఏండ్ల తరబడి ఇయ్యనిది అదే. అదీ తేలికేం కాదు. ఒకే రోజు రెండు మూడు ఎపిసోడ్లు తీస్తే, చీర మార్చుకోని మళ్లీ అంతే హుషారుగా నవ్వాల. పొడుగు హారం కాలర్ మైకుకు తగిలితే టకటకమంటుంది, మాట చెడుతుంది.

అమెరికాలో నటులను ఇట్లా ఆటల షోకి పిలవడం పాత అలవాటు. 1961లో సీబీఎస్ చానల్లో మొదలైన పాస్‌వర్డ్ అనే షోలో పేరున్న మనిషికి, మామూలు మనిషికి జత కట్టేవాళ్లు. దాచిన మాటకు ఒక్క మాటలోనే ఆధారం ఇయ్యాల. మొదటిదానికే చెబితే 10 పాయింట్లు, తప్పితే అవతలి జతకు ఇంకో ఆధారంతో 9 పాయింట్లకు అవకాశం. 1966లో ఎన్‌బీసీ చానల్లో వచ్చిన హాలీవుడ్ స్క్వేర్స్‌లో తొమ్మిది గళ్లలో తొమ్మిది మంది తారలు. వాళ్లు చెప్పే జవాబు నిజమో అబద్ధమో ఆడేవాళ్లు తేల్చాల. పెద్ద వేషాలు దొరకని నటి మొహం కదలకుండా అబద్ధం చెప్పగలిగితే, ఆ గడిలో ఆమెదే రాజ్యం.

ఈ రాత్రి టీవీ సౌండు తీసేసి సీరియల్ చూడండి. అత్తను పట్టించుకోవద్దు. పిన్ని మొహం ఎన్నిసార్లు వచ్చిందో లెక్కపెట్టి, టైటిల్సులో ఆమె పేరు ఎక్కడుందో వెతికి నాకు రాయండి.

మీ జేజి