నౌరు బడిపంతులు అడిగిన లెక్క

నౌరు పేరు ఈ మధ్య తరచూ వార్తల్లో కనిపిస్తోంది. పసిఫిక్ మహాసముద్రంలో భూమధ్యరేఖకు కాస్త దిగువన ఉన్న ఒంటరి ద్వీపం అది. విస్తీర్ణం 21 చదరపు కిలోమీటర్లు, జనం 12 వేల చిల్లర. ఆ దేశం 2025లో 1,05,000 అమెరికన్ డాలర్లకు పౌరసత్వం ఇవ్వడం మొదలుపెట్టింది. ఆస్ట్రేలియాకు పడవల్లో చేరిన శరణార్థులను 2001 నుంచి, నడుమ కొన్నేళ్లు తప్పించి, డబ్బు తీసుకుని తన దగ్గర ఉంచుకుంటోంది. సముద్రం అడుగున ఖనిజాలు తవ్వుకోవడానికి నిబంధనలు త్వరగా తేల్చమని 2021లో పట్టుబట్టింది కూడా ఈ దేశమే. పౌరసత్వం అమ్మగా వచ్చిన డబ్బుతో ఏం చేస్తారంటే, ఒడ్డున ఉన్న ఇళ్లను ద్వీపం మధ్యలోని మెరకకు తరలిస్తామంటున్నారు.

ఆ మెరక ఇన్నాళ్లూ ఎందుకు ఖాళీగా ఉంది? అసలు కథ అక్కడే ఉంది. ద్వీపంలో దాదాపు 80 శాతం నేల అదే. పైమట్టి, దాని కింద ఎరువుకు పనికొచ్చే ఫాస్ఫేట్ రాయి తవ్వేయగా సున్నపురాయి మొనలు మాత్రం మిగిలాయి. మనిషికి రెండు మూడింతల ఎత్తున, పక్కపక్కనే, చేప నోట్లో పళ్లలా నిలబడి ఉంటాయి. వాటి మధ్య సాగు కుదరదు, ఇల్లు కట్టడం కుదరదు, సరిగ్గా నడవడమూ కుదరదు. జనమంతా ఒడ్డు వెంబడి సన్నటి పట్టీలో సర్దుకున్నారు.

నౌరు గురించి రాసేవాళ్లు ఎక్కువమంది 'డబ్బు కళ్లజూసి తగలేసుకున్న దేశం' అని రెండు ముక్కల్లో తేల్చేస్తారు. అది సగం నిజం. మిగతా సగం తెలియాలంటే హామర్ డిరోబర్ట్ అనే బడిపంతులు జీవితం తెలియాలి.

ఆయన పుట్టింది 1922లో. అప్పటికే తవ్వకాలు మొదలై పదిహేనేళ్లు దాటింది. నౌరు నుంచి వెళ్లిన ఒక రాయి సిడ్నీలోని ఒక కంపెనీ ఆఫీసులో తలుపు మూసుకుపోకుండా అడ్డం పెట్టడానికి వాడుతుండేవారు. రాయిగా మారిన చెట్టు మొద్దు అనుకునేవారు. ఆల్బర్ట్ ఎల్లిస్ అనే ఉద్యోగికి అనుమానం వచ్చి 1899లో పరీక్షిస్తే మేలిరకం ఫాస్ఫేట్ అని తేలింది. ద్వీపం అప్పుడు జర్మనీ చేతిలో ఉంది. మొదటి ప్రపంచ యుద్ధంలో ఆస్ట్రేలియా దాన్ని ఆక్రమించింది. 1919లో బ్రిటన్, ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ ఒక ఒప్పందం రాసుకుని ఫాస్ఫేట్‌ను 42, 42, 16 శాతాల చొప్పున పంచుకున్నాయి. నేల ఎవరిదో వాళ్లకు మొదట్లో దక్కింది టన్నుకు అర పెన్నీ. రాయి వెళ్లి ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ పొలాల్లో సూపర్ ఫాస్ఫేట్‌గా పడేది. ఆ దేశాల రైతులకు ఎరువు బజారు ధర కంటే చౌకగా అందాలన్నదే మొత్తం ఏర్పాటు వెనకున్న ఉద్దేశం.

ఈ లెక్కలన్నీ నౌరువాళ్లకు తెలియనిచ్చేవాళ్లు కాదు. కుర్రవాడు డిరోబర్ట్ పై చదువుకు ఆస్ట్రేలియాలోని గీలాంగ్ వెళ్లి అక్కడి గోర్డన్ ఇన్‌స్టిట్యూట్‌లో చదివాడు. తిరిగొచ్చి బడిలో పాఠాలు చెప్పసాగాడు. ఆ రోజుల్లో నౌరు పిల్లవాడు చదువుకుంటే దొరికే మర్యాదైన ఉద్యోగాలు పంతులు పని, గుమాస్తా పని, ఇంకా ఒకటో రెండో.

1942 ఆగస్టులో జపాన్ సైన్యం దిగింది. మరుసటి ఏడాది 39 మంది కుష్ఠురోగులను పడవలోకి ఎక్కించి, నడి సముద్రానికి లాక్కెళ్లి ముంచేసింది. ఆ ఏడాదే 1,200 మంది నౌరువాళ్లను దాదాపు 1,600 కిలోమీటర్ల దూరంలోని ట్రుక్ దీవులకు కూలికి తరలించింది. వాళ్లలో డిరోబర్ట్ ఒకడు. ఆకలి, రోగాలు, పై నుంచి బాంబులు. 1946 జనవరి 31న ఓడ దిగి సొంత ఒడ్డుకు చేరినవాళ్లు 737 మంది. ప్రతి ముగ్గురిలో ఒకరికి పైగా తిరిగి రాలేదు. జనాభా 1,500 దాటకపోతే జాతి నిలవదన్న భయం నౌరువాళ్లకు అప్పటికే ఉండేది. 1932లో ఆ అంకె చేరిన రోజును అంగామ్ పండుగగా జరుపుకున్న జనం వాళ్లు. అంగామ్ అంటే ఇంటికి చేరడం. ట్రుక్ నుంచి వచ్చేసరికి లెక్క మళ్లీ దాని కిందికి పడిపోయింది.

పాతికేళ్లు నిండకుండానే ఇదంతా చూసిన మనిషి మళ్లీ విద్యాశాఖలో పనికి చేరాడు. 1955లో స్థానిక కౌన్సిల్‌కు ఎన్నికయ్యాడు, మరుసటి ఏడాదే హెడ్ చీఫ్ అయ్యాడు. నౌరు అప్పటికి ఐక్యరాజ్యసమితి పర్యవేక్షణ కింద ఉన్న ట్రస్టీషిప్ ప్రాంతం, ఆస్ట్రేలియా పాలనలో ఉండేది. కౌన్సిల్‌కు పెద్ద అధికారాలేమీ లేవు. ఆ మూడు దేశాల తరఫున తవ్వకాలు నడిపే ఫాస్ఫేట్ కమిషనర్ల జోలికి పోయే హక్కు అసలే లేదు. ఏడాదికోసారి సమితికి వెళ్లే నివేదికల్లో తన జనం మాట చేర్పించడం, అక్కడి సభ్యులు ఆస్ట్రేలియాను ప్రశ్నలు అడిగేలా చేయడం ఆయన పట్టుకున్న దారి.

అప్పుడే కర్టిస్ ద్వీపం బేరం వచ్చింది. తవ్వకాలు అయిపోయేసరికి నౌరు నివాసానికి పనికిరాదని పాలకులకు తెలుసు. దాన్ని బాగుచేసే ఖర్చు పెట్టుకోవడం కంటే జనాన్ని ఖాళీ చేయించడం చౌక. క్వీన్స్‌లాండ్ తీరంలో గ్లాడ్‌స్టన్ దగ్గరున్న కర్టిస్ ద్వీపంలో ఇళ్లు కట్టిస్తాం, పనులు చూపిస్తాం, ఆస్ట్రేలియా పౌరసత్వం ఇస్తాం అన్నారు. నౌరు కంటే ఎన్నో రెట్లు పెద్ద చోటు. డిరోబర్ట్ వెంటనే కాదనలేదు. జనం ప్రాణం నిలబడే దారి ఏదైనా వినాల్సిందే అనుకున్నాడు. ఆయన అడిగింది ఒక్కటే: అక్కడా మేం నౌరు జాతిగానే ఉండాలి, మమ్మల్ని మేమే ఏలుకోవాలి. అది మాత్రం ఇవ్వలేమని ఆస్ట్రేలియా తేల్చి చెప్పింది. 1964లో ఆయన ఆ బేరం వదిలేశాడు.

ఆయన తీసుకున్న నిర్ణయాలన్నిటిలో ఇదే పెద్దదని నా నమ్మకం. అప్పుడు ఒప్పుకుని ఉంటే ఒకటి రెండు తరాల్లో నౌరువాళ్లు క్వీన్స్‌లాండ్ ఊళ్లలో కలిసిపోయేవాళ్లు, వాళ్ల భాష ముసలివాళ్ల నోట్లో మిగిలేది. పోలవరం ముంపు ఊళ్లవాళ్లకు ఈ మాట విడమరిచి చెప్పక్కర్లేదు. ఇల్లు ఇస్తారు, ఊరు మాత్రం ఇవ్వలేరు. అన్నట్టు కర్టిస్ ద్వీపంలో ఇప్పుడు మూడు భారీ గ్యాస్ ఎగుమతి ప్లాంట్లున్నాయి.

బేరం చెడ్డాక ఆయన గొంతు పెరిగింది. వెళ్లిపోవడం లేదు కాబట్టి రాయి మాది, పాలన మాది, తవ్విన నేల బాగుచేసే బాధ్యత తవ్వుకున్నవాళ్లది. ఈ మూడు మాటలతో కాన్‌బెర్రాలో కూర్చున్నాడు. అవతల మూడు ప్రభుత్వాలు. వాళ్ల లెక్కలు విప్పి చూపడానికి ఆర్థిక నిపుణులను ఆస్ట్రేలియా నుంచే సలహాదార్లుగా తెచ్చుకున్నాడు. పంతులు అలవాటేమో, అంకె దగ్గర పట్టు విడవలేదు. 1967 ఒప్పందంలో కమిషనర్ల యంత్రాలు, రేవు కట్టడాలు అన్నీ 2 కోట్ల 10 లక్షల ఆస్ట్రేలియా డాలర్లకు నౌరు కొనుక్కోవడానికి కుదిరింది. తన రాయి తవ్వడానికి తెచ్చిన సామాన్లకు తనే డబ్బు కట్టిందన్నమాట. మొదటి రెండు మాటలు నెగ్గాయి. మూడోది, నేల బాగుచేసే సంగతి, అవతలివాళ్లు ఒప్పుకోలేదు. ఆ బాకీని ఆయన పక్కన పెట్టాడు, కొట్టేయలేదు.

స్వాతంత్ర్యానికి తేదీ ఎంచుకోవాల్సి వచ్చినప్పుడు 1968 జనవరి 31 అన్నారు. ట్రుక్ నుంచి 737 మంది తిరిగొచ్చి సరిగ్గా 22 ఏళ్లు. ట్రుక్ నుంచి బతికి బయటపడ్డ పంతులు దేశానికి మొదటి అధ్యక్షుడయ్యాడు. పార్లమెంటులో 18 మంది సభ్యులు.

ఆ తర్వాతి కథే లోకానికి ఎక్కువ తెలుసు. 1970 నుంచి ఫాస్ఫేట్ పూర్తిగా నౌరు చేతికొచ్చింది. కొన్నేళ్లలోనే ప్రపంచ ధర అమాంతం పెరిగింది. పన్నుల్లేవు, వైద్యం ఉచితం, విదేశాల్లో చదువు ఉచితం. సొంత విమానాలు. 1977లో మెల్‌బోర్న్ నడిబొడ్డున 52 అంతస్తుల నౌరు హౌస్. మనకూ ఒక సంబంధం ఉంది: ఒడిశాలో పారాదీప్ ఫాస్ఫేట్స్‌ను 1981లో మొదలుపెట్టింది భారత ప్రభుత్వం, నౌరు ప్రభుత్వం కలిసి. అప్పుడు నౌరు అధ్యక్షుడు డిరోబర్టే. ఇవాళ మన ఎరువుల కొట్ల ముందు ఆ కంపెనీ డీఏపీ బస్తాల కోసం క్యూలో నిలబడే రైతుకు ఆ బస్తా పుట్టుకలో 21 చదరపు కిలోమీటర్ల దేశానికి వాటా ఉండేదని ఎవరూ చెప్పి ఉండరు.

ఆయన తప్పులూ చెప్పాలి. రాయి నౌరుదయ్యాక తవ్వకం ఆగలేదు. కమిషనర్లు మూడో వంతు తవ్వితే, మిగిలినదాంట్లో ఎక్కువ భాగం స్వతంత్ర నౌరే తవ్వుకుంది. ఫాస్ఫేట్ అయిపోయాక బతుకు ఎలాగన్నదానికి ఆయన జవాబు ట్రస్టులో దాచే డబ్బు. డబ్బు దాచిన మాట నిజం, కానీ అది ఎక్కడ పెడుతున్నారో, ఎంత మిగులుతోందో జనానికి తెలిసే ఏర్పాటు చేయలేదు. కమిషనర్లు తన జనం దగ్గర లెక్కలు దాచారని పోరాడిన మనిషి ఈ ఒక్కటి చేసి ఉంటే బాగుండేదని బాధ కలుగుతుంది. ఆయన పోయాక ఆ ట్రస్టు సొమ్ము చెడ్డ పెట్టుబడుల్లో, అప్పుల్లో కరిగిపోయింది. నౌరు హౌస్ కూడా 2004లో అమ్ముడుపోయింది. పొలం, చేపల వేట మానేసి డబ్బాల తిండికి మళ్లిన జనంలో షుగర్ జబ్బు ప్రపంచంలోనే అత్యధిక స్థాయికి చేరింది.

పక్కన పెట్టిన బాకీని మాత్రం మరిచిపోలేదు. 1976లో పదవి పోయి, 1978లో తిరిగొచ్చి, 1986 చివర్లో ఒక విచారణ సంఘం వేయించాడు. దానికి శ్రీలంక న్యాయనిపుణుడు వీరమంత్రి అధ్యక్షుడు. స్వాతంత్ర్యానికి ముందు తవ్విన నేలకు పూచీ అప్పటి పాలకులదేనని ఆ సంఘం తేల్చింది. ఆస్ట్రేలియా కాదంది. 1989 మేలో నౌరు హేగ్‌లోని అంతర్జాతీయ న్యాయస్థానానికెక్కింది. ఆ ఏడాదే అవిశ్వాస తీర్మానంలో ఆయన పదవి చివరిసారి పోయింది, కేసు మాత్రం నడిచింది.

1992 జూన్ 26న న్యాయస్థానం ఆస్ట్రేలియా ముఖ్యమైన అభ్యంతరాలను తోసిపుచ్చి కేసు వింటామంది. మూడు వారాలకు, జూలై 15న, డిరోబర్ట్ మెల్‌బోర్న్‌లో కన్నుమూశాడు. మరుసటి ఏడాది ఆస్ట్రేలియా కోర్టు బయట రాజీకొచ్చి 10 కోట్ల 70 లక్షల ఆస్ట్రేలియా డాలర్లకు ఒప్పుకుంది. బ్రిటన్, న్యూజిలాండ్ తమ వంతుగా చెరో కోటీ ఇరవై లక్షలు ఆస్ట్రేలియాకు ఇచ్చాయి.

రాతి మొనలు చదును చేసే పని ఆ డబ్బుతో మొదలైంది, ముప్పై ఏళ్లయినా కొంత మేరకే జరిగింది. 1986లో డిరోబర్ట్‌ను కొన్నాళ్లు గద్దె దించినవాడు కెన్నన్ అడియాంగ్. పౌరసత్వం అమ్మి ఆ మెరక మీద ఇళ్లు కట్టిస్తామంటున్న అధ్యక్షుడు డేవిడ్ అడియాంగ్ ఆయన కొడుకు.