మోడల్‌లో లొకేషన్: ఎండ వస్తుంది, నేల రాదు

అపోహ: మోడల్‌కు లొకేషన్ (ఇల్లు భూమ్మీద ఎక్కడుందో) పెట్టకపోయినా షాడో స్టడీలో (నీడలు ఎలా పడతాయో చూడటంలో) పెద్ద తేడా ఉండదు.

త్రీడీ మోడళ్లు గీసే స్కెచప్ సాఫ్ట్‌వేర్‌లో కొత్త ఫైలు తెరిచి లొకేషన్ ముట్టుకోకపోతే, మీరు గీసిన ఇల్లు అమెరికాలో కొలరాడోలోని బౌల్డర్ ఊళ్లో ఉన్నట్టు లెక్క. ఆ ఊరి అక్షాంశం 40 డిగ్రీలు, హైదరాబాద్‌ది 17.4. డిసెంబర్ 21న నడిమధ్యాహ్నం 10 మీటర్ల గోడ నీడ అక్కడ 20 మీటర్లు పడుతుంది, ఇక్కడ 8.6 మీటర్లే. వేసవిలో ఇంకా తమాషా. బౌల్డర్‌లో మధ్యాహ్నం సూర్యుడు ఏడాదంతా దక్షిణం వైపే ఉంటాడు. మనకు మే రెండో వారం నుంచి ఆగస్టు మొదటి రోజుల దాకా నడినెత్తి దాటి ఉత్తరానికి వస్తాడు. "ఉత్తరం కిటికీకి ఎండే రాదు, సజ్జ ఎందుకండీ?" అనే క్లయింటుకు సరైన లొకేషన్‌తో జూన్ 21 చూపించండి. మధ్యాహ్నపు ఎండను చిన్న సజ్జ ఆపేస్తుంది. పొద్దుటి, సాయంత్రపు ఏటవాలు ఎండకు మాత్రం పక్కన నిలువు ఫిన్ (గోడ నుంచి బయటికి పొడుచుకొచ్చే పలక) కావాలి.

అపోహ: మ్యాప్‌తోపాటు టెర్రైన్ (నేల ఎత్తుపల్లాలు) వచ్చేస్తుంది, కాంటూర్ సర్వే (స్థలంలో ఎత్తులు కొలవడం) దండగ.

ఎక్కువమంది దెబ్బతినేది ఇక్కడే. ఉచితంగా దొరికే ఎత్తుల డేటాలో బాగా వాడేది ఎస్ఆర్‌టీఎం. 2000 ఫిబ్రవరిలో ఎండీవర్ స్పేస్ షటిల్ నుంచి రాడార్‌తో తీసింది. ఒక్కో గడి సుమారు 30 మీటర్లు పొడవు, అంతే వెడల్పు. అంటే వెయ్యి గజాల పైమాటే, దానికి ఎత్తు ఒక్కటే. 200 గజాల ప్లాటుకు అందులో వాలు ఎక్కడిది? తెరమీద నున్నగా కనబడేది పక్క గడులను చూసి సాఫ్ట్‌వేర్ కల్పించుకున్నది. పైగా, ఆ తర్వాత గచ్చిబౌలి వైపు చదును చేసిన గుట్టలు ఆ డేటాలో ఇంకా నిలబడే ఉన్నాయి! సెల్లార్ ర్యాంపు, రోడ్డు లెవెల్, మ్యాన్‌హోల్ లోతు టోటల్ స్టేషన్ అనే సర్వే పరికరంతో కొలిచిన లెవెల్స్ మీదే తేల్చాలి.

అపోహ: జీపీఎస్ ఎత్తంటే సముద్రమట్టం నుంచి ఎత్తే.

కాదు. జీపీఎస్ నేరుగా లెక్కగట్టేది ఎలిప్సాయిడ్ (భూమి ఆకారానికి లెక్కల్లో వాడే నున్నటి నమూనా) మీది ఎత్తు. హైదరాబాద్‌లో అది సముద్రమట్టం లెక్క కంటే 70 మీటర్లకు పైగా తక్కువ. డీజీపీఎస్ (మరింత కచ్చితమైన జీపీఎస్) సర్వే రిపోర్టులో ఏది రాశారో సర్వేయరును అడగండి.

అపోహ: యూటీఎం కోఆర్డినేట్లు (భూమ్మీది చోటును మీటర్లలో చెప్పే మ్యాప్ అంకెలు) యథాతథంగా మోడల్‌లో పెడితే కచ్చితత్వం పెరుగుతుంది.

హైదరాబాద్ నార్తింగ్ (భూమధ్యరేఖ నుంచి ఉత్తరానికి దూరం) 19 లక్షల మీటర్ల పైనే. గ్రాఫిక్స్ కార్డు మామూలుగా వాడే 32 బిట్ల సంఖ్యల్లో అంత దూరాన ఒక సంఖ్యకూ తర్వాతి సంఖ్యకూ మధ్య ఎడం 12.5 సెంటీమీటర్లు. తొమ్మిదంగుళాల గోడ అంచు తెరమీద వణకక ఏం చేస్తుంది? ప్లాటు మూలరాయిని ఆరిజిన్ (మోడల్ సున్నా బిందువు) దగ్గర ఉంచి, అసలు కోఆర్డినేట్లు రెవిట్ డిజైన్ సాఫ్ట్‌వేర్‌లో అయితే సర్వే పాయింట్‌కు (భూమ్మీది అసలు చోటును చూపే బిందువుకు) ఇవ్వండి.