మంచం, బల్ల, కుర్చీ

చిరంజీవులకు,

ఖాళీ ఇంట్లోకి జొరబడి కాపురం పెడితే అది ఉద్యమమెలా అవుతుందని అడిగారు కదా. నెదర్లాండ్స్ సంగతి చెబుతాను, వినండి.

ఆమ్‌స్టర్‌డామ్‌లో ఒకప్పుడు అద్దె ఇల్లు దొరకాలంటే ఏళ్ళ తరబడి వరసలో ఉండాలి. మరోపక్క, ధర పెరగనీ అని యజమానులు తాళాలు బిగించిన ఇళ్ళు బోలెడు. ఎవరూ వాడని ఇంట్లో చేరడం నేరం కాదని 1971లో అక్కడి సుప్రీంకోర్టు తేల్చింది. మరి 'వాడుతున్నారు' అనడానికి రుజువు? ఒక మంచం, ఒక బల్ల, ఒక కుర్చీ! చేరినవాళ్ళు ఈ మూడూ లోపల వేసి, తాళం మార్చి, పోలీసులకు తామే కబురు పెట్టేవారు. వాళ్ళు వచ్చి చూసి రాసుకుపోతే, ఇక యజమాని కోర్టుకెళ్ళి ఖాళీ చేయించుకోవలసిందే. ఇరుగుపొరుగు కంగారు పడకుండా, మేము ఫలానా, ఇందుకు వచ్చాం అని గుమ్మాల్లో ఉత్తరాలు వేసేవారు. (మన దగ్గర ఇలా చేస్తే అక్రమ చొరబాటు కేసే. మంచం మోసుకుని బయల్దేరకండి!)

తరవాత నియమం బిగిసింది. 1990ల నడిమి నుంచి ఇల్లు ఏడాదికి పైగా ఖాళీగా ఉండి ఉండాలి. దాంతో ముందే భూమి రికార్డుల్లో యజమానిని వెతకడం, పొరుగువాళ్ళను అడగడం తప్పనిసరైంది. కొత్తవాళ్ళకు ఇవన్నీ చెప్పడానికి పేటపేటకూ వారానికోసారి సలహా వేళ ఉండేది.

అసలు చాకిరీ చేరాకే మొదలు. చలికాలంలో వేడి లేని ఇంట్లో గొట్టాల్లో నీళ్ళు గడ్డకడతాయి. గడ్డకట్టిన నీరు దాదాపు 9 శాతం ఉబ్బుతుంది, గొట్టం చీలుతుంది. చీలిక మంచు కరిగేదాకా బయటపడదు. అందుకే ప్రధాన కవాటం ఒక్కసారిగా తిప్పకూడదు. అంతస్తుకొక మనిషిని నిలబెట్టి, కొంచెం కొంచెంగా తెరిచి, ఎక్కడ కారుతుందో కేకేయించాలి. పొగగొట్టంలో పక్షిగూడు అడ్డుపడితే మరీ ప్రమాదం: కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన ఉండదు, నిద్రలోనే ప్రాణం తీస్తుంది. పొయ్యి వెలిగించే ముందే గొట్టం శుభ్రం చేయించాలి. మళ్ళీ ఎవరూ చేరకూడదని కొందరు యజమానులు మరుగుదొడ్లు పగలగొట్టి, మెట్లు కోసేసి పోయేవారు. తమ ఇంటినే!

1980 ఏప్రిల్ 30న రాణి బియాట్రిక్స్ పట్టాభిషేకం నాడు 'ఇల్లు లేదా, పట్టాభిషేకమూ లేదు' అంటూ ఈ ఆక్రమణదారులు వీధుల్లోకి వచ్చారు. అది రాళ్ళు రువ్వుకునే గొడవల్లోకి దిగింది. నాకు ఆ రాళ్ళ కన్నా పాత సినిమా అకాడమీ భవనం సంగతే ముఖ్యం. 1999లో ఆక్రమించి, కళాకారుల పనిశాలలూ సినిమా హాలూ నడిపి, 2006లో నగరపాలక సంస్థ దగ్గరే కొనుక్కున్నారు. ఓవర్‌టోమ్ వీధిలో 301వ నంబరు కాబట్టి, దాన్ని ఇప్పటికీ ఓటీ301 అంటారు.

2010 అక్టోబరు 1 నుంచి ఆక్రమణ నేరమైంది. ఇప్పుడు ఖాళీ భవనాల్లో కంపెనీలు కాపలాకని మనుషుల్ని ఉంచుతాయి. వాళ్ళు కట్టే రుసుము తక్కువే, కాని అద్దెదారుకుండే హక్కులు వాళ్ళకు లేవు. కొద్ది వారాల గడువిచ్చి పొమ్మనవచ్చు.

ఆశీస్సులతో,
మీ తాతయ్య